ఎల్లొత్తానంటేనే వదిలే మిషను

పొద్దున్న కంపెనీ భోంపూ మోగగానే ఇప్పటికీ గుమ్మంలోకి వస్తాను. ఇదివరకు ఆ వేళకి మా ఆయన సైకిలు బయటికి తీసి "ఎల్లొత్తాను" అనేవారు. నేను "జాగర్త" అనేదాన్ని. ఇప్పుడు ఆ వేళకి పాలవాడొక్కడే వెళుతుంటాడు. అతనికి జాగర్త చెప్పలేను కదా, గిన్నె పట్టుకుని నిలబడతాను.

మా ఆయన పేరు పోలరాజు. స్టోర్లో గుమాస్తాగా ఉన్నవారిని ఎనభై ఆరులో కంప్యూటర్ గదిలో వేశారు. ఆ గదిని మంచులా చల్లగా ఉంచాలట. జూన్ ఎండలో స్వెట్టరు, కోతిటోపీ సంచిలో పెట్టుకుని వెళ్లేవారు. టాటానగర్ కద్మాలో మా క్వార్టర్ల లైను ఆడవాళ్లు ఆయనకు చలిజ్వరం తగ్గడం లేదనుకుని నన్ను పరామర్శించేవారు.

ఆ మిషను తెరవగానే ముందు ఎవరి ప్రొఫైలు వాళ్లది చదువుకుంటుందట. అందులో మనం ఏం రాసిపెడితే ఆ రోజంతా అలా నడుచుకుంటుంది. "కొత్త కోడలికి మనింటి పద్ధతి సెప్పినట్టే. కాకపోతే ఇది రోజూ మరిసిపోతాది, రోజూ సదువుకోవాల" అన్నారు. ఇంగ్లీషు అక్షరాల్లో మన మాటలు రాశారు. తెరిస్తే చాలు, "ఏటి, వచ్చీసినావా? కాళ్లు కడుక్కో" అని తెర మీద పడేది. అది నా మాట. నన్నడక్కుండా పట్టుకుపోయారు.

దానిలోంచి బయటికి రావాలంటే ఎగ్జిట్ అని కొట్టాలట. అంటే ఏమిటని అడిగాను. "పోతానని" అన్నారు.

మా ఇంట్లో ఆ మాట ఎవరూ అనరు. టాటానగర్ స్టేషన్‌లో పోతానని రైలెక్కిన చుట్టాన్ని కూడా దింపి, సరిగ్గా చెప్పించి మళ్లీ ఎక్కించాను నేను. అలాంటిది ఈయన రోజూ పోతానని కొట్టి ఇంటికొస్తున్నారు! ఆ పూట ఆయన ముందు కంచం విసురుగా పెట్టాను. మర్నాడే ప్రొఫైలు మార్చేశారు. ఎగ్జిట్ అని కొడితే "అలా అనకూడదు" అని పడుతుంది, వదలదు. ఎల్లొత్తాను అని కొడితే "జాగర్త" అని వదిలేస్తుంది.

ఒకరోజు ఈయన మిషను మూయకుండా భోజనానికి వచ్చేశారు. పై ఆఫీసరు ఝా సాబు ఆ కుర్చీలో కూర్చున్నారట. పని చూసుకుని ఎగ్జిట్ కొట్టారు. అలా అనకూడదంది. మళ్లీ కొట్టారు. మళ్లీ అంది. చివరికి మనిషిని పంపితే ఈయన చేతిలో ముద్ద వదిలేసి పరుగెత్తారు. తిట్లు తప్పవనుకున్నాం. అర్థం విన్నాక ఝా సాబు, మా ఇంట్లోనూ జాతే హైఁ, పోతామని అనం, ఆతే హైఁ, వస్తామనే అంటాం అన్నారట.

పోయిన వైశాఖంలో ఆయనకు గుండె ఆగిపోయింది. ఆ రోజు కూడా ఎల్లొత్తాననే వెళ్లారు.

మొన్న ఆయనతో పనిచేసిన నీలకంఠం వచ్చాడు. మిషనులో చోటు చాలక పాత పేర్లు తుడిచేస్తున్నారని, అందులో ఆయనదీ ఉందని, ముందు నన్నొకసారి చూసుకోమని చెప్పాడు. ఆయన పలకరింపు ఇంకెక్కడా మిగల్లేదు. అదీ పోతుందన్నాడని వెళ్లాను.

తెరవడానికి రహస్యపు మాట కావాలట. ఆయన "గోంగూర" అని పెట్టుకుని, మర్చిపోతానేమోనని టీ ఇచ్చే అతనితో సహా అందరికీ చెప్పి ఉంచారు. నీలకంఠం కొట్టాడు. ఏటి, వచ్చీసినావా అని పడింది. కూడబలుక్కుని చదివి, నవ్వొచ్చి కొంగు అడ్డం పెట్టుకున్నాను. గుమ్మంలో ఝా సాబు నిలబడి ఉన్నారు.

"మనిషి లోపలుండగా తుడవకూడదు వదినా, అది రూలు. ఎల్లొత్తానని ఆకరి మాట నువ్వే కొట్టు. అది జాగర్త అంటాది. తరవాత నాను తుడిసీత్తాను" అన్నాడు నీలకంఠం.

వేలు మీట దాకా తీసుకెళ్లాను. మళ్లీ తీసేశాను.

"నాను కొట్టను, నీలకంఠం."

అతను నన్ను చూసి, ఝా సాబు వైపు తిరిగాడు. "సాబ్, పోలరాజు అందర్ హై" అన్నాడు, లోపలే ఉన్నాడని.

ఝా సాబు మిషను వైపు చూశారు. "తో రహ్‌నే దో", అయితే ఉండనీ అని వెళ్లిపోయారు.

నేను కొంగు సర్దుకుని లేచాను. మిషను అలాగే తెరిచి ఉంది.