చిన్నాయన రాయని సగం

మా చిన్నాయన పోయాడు. పోయిన నెల ఒక గురువారం పొద్దున దవాఖాన నుంచి ఫోన్ వచ్చినప్పుడు అమ్మ చిక్కుడుకాయలు ఒలుస్తోంది. "చిన్నాయన పోయిండమ్మా" అన్నాను. అమ్మ చేతులు ఆగలేదు. "రాసిండా మరి?" అని మాత్రం అడిగింది. రాయలేదని చెప్పాను. అప్పుడు ఆగాయి చేతులు.

ఇలాంటి చోట నాలుగు మంచి మాటలు రాస్తానని మీరు ఎదురుచూస్తుంటారు. ఉన్నవే రాస్తాను, లేనివి కల్పించడం నాకు చేతకాదు. కల్పించే విద్య ఆయనది.

ఆయన మా నాన్నకు తమ్ముడు. పగలు గన్‌ఫౌండ్రీలో బ్యాంకు గుమాస్తా, సాయంత్రాలు నాటక రచయిత. పెళ్ళి చేసుకోలేదు. నాంపల్లిలో మా ఇంట్లోనే, మా అమ్మ చేతి వంట తింటూ బతికాడు. ఆయన రాసినవన్నీ కుటుంబ కలహాలే. అవి ఎక్కణ్ణుంచి వచ్చేవో ఇంట్లోవాళ్ళకు బాగా తెలుసు.

ఆదివారం ఆబిడ్స్‌లో ఫుట్‌పాత్ మీది పాత పుస్తకాలు తిరగేసి, ఇరానీ చాయ్ తాగి, భోజనం వేళకు ఇల్లు చేరేవాడు. నాయనమ్మ పక్కన కూర్చుని "వదిన నీకు పులుసుల నీళ్ళు వోసి పెడ్తున్నదేందమ్మా?" అనేవాడు. వంటింట్లోకి వచ్చి "నీ వంట నోట్లె పెట్టబుద్ధైతలేదంటున్నది అమ్మ" అనేవాడు. ఇంకేముంది, ఇద్దరికీ అంటుకునేది. తనేమో ఏమీ ఎరగనట్టు తలుపు వారన కూర్చుని, పాత పెళ్ళిపత్రికల వెనక ఒక్కో మాటా రాసుకునేవాడు. ఒకసారి పట్టుకుని నిలదీశాను. "ఇంట్ల కొట్లాట లేకుంటే స్టేజి మీద ఏం జూపియ్యాలె బిడ్డా?" అన్నాడు, సిగ్గు లేకుండా.

నాకు పదేళ్ళప్పుడు అలాంటి ఆదివారమే ఒకటి. ఆయన పెట్టిన చిచ్చుకు అమ్మ ఒళ్ళు తెలియని కోపంలో నాయనమ్మకు వేలు చూపించి అరిచింది. "నువ్వు పోయినంకనే ఈ ఇంట్ల నేను కడుపునిండ తింట అత్తమ్మా!"

అన్నదే గానీ ముద్ద ముట్టలేదు. మధ్యాహ్నం నువ్వులనూనె వెచ్చజేసి నాయనమ్మ కాళ్ళ దగ్గర కూర్చుంది. రోజూ పట్టే కాళ్ళే, ఆ రోజు ఏడుస్తూ పట్టింది. నాయనమ్మ కాసేపు గోడ వైపు చూసి, చివరికి అమ్మ తల మీద చెయ్యి వేసింది. "పో, పోయి తిను. పొద్దటిసంది పస్తున్నవ్." గొడవ అక్కడితో అయిపోయింది. చిన్నాయన అదీ చూశాడు. చూసి, పెన్ను జేబులో పెట్టుకున్నాడు.

ఆర్నెల్లకు నాంపల్లిలో నాటకం. కొడుకు రాసిన నాటకమని నాయనమ్మ పట్టుచీర కట్టుకుని ముందు వరుసలో కూర్చుంది, పక్కన అమ్మ. ఆఖరి సీనులో కోడలి వేషం వేసినామె అత్తకు వేలు చూపించి అదే మాట అంది. అక్షరం పొల్లుపోలేదు. వెంటనే తెర. హాలంతా చప్పట్లు. వెనక నుంచి మా మేనత్త "గిది మన వదిన మాటనే గదా అమ్మా!" అని నలుగురికీ వినబడేలా అంది.

మర్నాడు అమ్మ నూనె గిన్నెతో వెళ్తే నాయనమ్మ కాళ్ళు ముడుచుకుంది. "ఇంట్ల అన్నప్పుడు మర్శిపోయిన. ఇంతమంది చప్పట్లు గొట్టినంక ఎట్ల మర్శిపోవాలె?" ఆ తరవాత రెండేళ్ళు బతికింది. అమ్మను మళ్ళీ కాళ్ళు ముట్టనివ్వలేదు, పోయే రోజున కూడా.

అమ్మ ఆయనకు అన్నం పెట్టడం మానలేదు. కంచం పెట్టినప్పుడల్లా ఒకటే మాట. "మిగిలిన సగం ఎప్పుడు రాస్తవ్?" "రాస్త వదినా" అనేవాడు. నాతో మాత్రం నిజం చెప్పేవాడు. "కాళ్ళు వట్టే సీను పెడితే చప్పట్లు రావు బిడ్డా. చప్పట్లు ఏడ వడ్తయో నాకెర్కనే."

స్టేజి మీద నిలబడటం నాకు నేర్పింది కూడా ఆయనే. "ఆఖరి వరుసల ముసలామెకు వినవడాలె, గట్లని మొత్తుకోవద్దు" అనేవాడు. ఇవాళ డబ్బింగ్ చెప్పుకుని బతుకుతున్నానంటే ఆయన పెట్టిన భిక్షే. ఆ సంగతి గుర్తొస్తే కోపం ఇంకా పెరుగుతుంది. ఇంత తెలిసిన మనిషికి ఆ ఒక్క సీను రాయడానికి చెయ్యి రాలేదా?

మొన్న ఆయన నాటక సమాజం వాళ్ళు సంతాప సభ పెట్టారు. ఆ ఆఖరి సీను వేస్తామని, కోడలి వేషం నన్నే వెయ్యమని అడిగారు. ఒళ్ళు మండింది. కాదనబోతుంటే అమ్మ అడ్డం వచ్చింది. "ఎయ్. ఏస్తే మొత్తం ఎయ్."

సభవాళ్ళు అమ్మకు శాలువా కప్పి ముందు వరుసలో కూర్చోబెట్టారు. నేను వేలు చూపించి ఆ మాట అన్నాను. ఆయన చెప్పిన చోటే చప్పట్లు పడ్డాయి. తెర వెయ్యొద్దని తెర లాగే మనిషికి ముందే చెప్పి ఉంచాను. నూనె గిన్నె తెచ్చుకుని అత్త వేషం వేసినామె కాళ్ళ దగ్గర కూర్చున్నాను.

"గిది లేదు గదా" అని ఆమె గొణిగింది.

"ఉన్నది" అన్నాను.

చప్పట్లు ఆగిపోయాయి. ఎవరో దగ్గారు. ఇద్దరు లేచి వెళ్ళిపోయారు. చిన్నాయన లెక్క తప్పలేదు, హాల్లో ఒక్క చెయ్యీ కదల్లేదు. అమ్మ చేతులు తప్ప. కప్పిన శాలువా ఎప్పుడు తీసిందో, ఒళ్ళో మడిచి పెట్టుకుని, మడమ నుంచి వేళ్ళ దాకా కాలు పట్టినట్టు, దాన్నే రెండు బొటనవేళ్ళతో మెల్లగా ఒత్తుతోంది.