తీసేసిన మూడు వరుసలు

పోయిన ఆదివారం నంద్యాలలో మా సంఘం ఆరాధన ముగిశాక, ప్రకటనలు చదివే అమ్మాయి మైకు ముందు నిలబడి, వచ్చే శనివారం సాయంత్రం గుడి వెనక హాల్లో మనసుకు వచ్చే జబ్బుల గురించి ఒక డాక్టరమ్మ మాట్లాడుతారని, అలాంటి జబ్బుతో పడి లేచినవాళ్లెవరైనా దేవుడు తమకు చేసిన మేలు గురించి సాక్ష్యం చెప్పదలిస్తే ముందుగా పేరు ఇవ్వమని, స్త్రీల కూటం వేళ చెప్పినంత మామూలుగా చెప్పి వెళ్లి కూర్చుంది. జనం టీ కోసం బయటికి నడిచారు. నేను మాత్రం బెంచీ మీదే ఉండిపోయాను. డెబ్బైకి దగ్గరపడిన ఒంటిగాణ్ణి, టీ దగ్గర నాకోసం చూసేవాళ్లు ఎవరూ లేరు గనక నేను లేవలేదన్న సంగతి ఎవరికీ పట్టలేదు. నా ఒళ్లో ఉన్న బైబిలు నాది కాదు, మా అక్కది. ఆమె పోయి రెండేళ్లయింది. దాని మధ్యలో మడిచిపెట్టిన పాత కాగితం ఒకటుంది. ఆ కాగితం మీది అక్షరాలు ఒక్కొక్కటీ ఏరి కూర్చింది ఈ చేతులే.

కంప్యూటర్లు రాకముందు అచ్చు పని ఎలా ఉండేదో నా ఈడువాళ్లకు గుర్తుండే ఉంటుంది. పదో తరగతితో చదువు ఆగిపోయి, ఆళ్లగడ్డలో ఒక చిన్న ప్రెస్సులో కంపోజిటర్‌గా చేరాను. పెండ్లి పత్రికలు, ఎద్దుల పందేల నోటీసులు, సినిమా పోస్టర్లు, ఏదొచ్చినా గళ్ల పెట్టెలోంచి సీసపు అక్షరాలు ఒక్కొక్కటే ఏరి, అద్దంలో చూసినట్టు తిరగేసి పేర్చడమే మా పని. సాయంత్రం చేతుల నలుపు సబ్బుతో రుద్దుకుని నేరుగా లైబ్రరీకి పోయేవాణ్ణి. నా అసలు చదువంతా అక్కడి పొడుగాటి బల్ల మీదే జరిగింది. చరిత్ర, నవలలు, నక్షత్రాలు, వైద్యం, ఏ అలమారా వదలకుండా వరసపెట్టి చదివాను. చదివిన పుస్తకాల పేర్లన్నీ ఒక నోటుబుక్కులో రాసుకుని, అడిగినవాళ్లకూ అడగనివాళ్లకూ చూపించేవాణ్ణి. మా అక్క ఒక్కతే దాన్ని చూసి నవ్వేది. లైబ్రరీ దొర అని నాకు పేరు పెట్టింది ఆమే.

అక్కను గోస్పాడు దగ్గర పల్లెలో రైతుకు ఇచ్చారు. బావ నెమ్మదస్తుడు. ఆ ఊరి గుడిలో పాట ఎత్తుకునేది మా అక్కే. ఆమె గొంతు లేచాకే తక్కినవాళ్ల గొంతులు లేచేవి. రెండో కాన్పు అయ్యాక ఆ గొంతు మూగపోయింది. బిడ్డ ముత్యంలా ఉన్నాడు, పంట ఇంటికొచ్చింది, మొగుడు పల్లెత్తు మాట అనేవాడు కాదు, మరి ఎందుకు ఏడుస్తోందో ఎవరికీ అర్థం కాలేదు. విశ్వాసం తగ్గిందన్నారు కొందరు, దాచుకున్న పాపమేదో ఉందన్నారు మరికొందరు. వాళ్లు చెడ్డవాళ్లు కారు. నెలన్నర పాటు రోజూ ఎవరో ఒకరు ఆ ఇంటికి వచ్చి ఆమె పక్కన చాప మీద కూర్చుని ప్రార్థన చేశారు. పాస్టరయ్య వారానికి రెండు రోజులు ఆమె కోసం ఉపవాసం ఉన్నాడు. ఆయన చెంపలు లోపలికి పోవడం నేను చూశాను.

ఆ రోజుల్లోనే లైబ్రరీలో ఇంటి వైద్యం గురించిన లావుపాటి పుస్తకంలో, కాన్పు తర్వాత కొందరు తల్లులకు కమ్ముకునే దిగులు గురించి రెండు పేజీలు కనబడ్డాయి. నిద్ర పట్టకపోవడం, బిడ్డను ఎత్తుకోబుద్ధి కాకపోవడం, తాను ఎందుకూ పనికిరానన్న ఆలోచన, అన్నీ మా అక్కను చూసి రాసినట్టే ఉన్నాయి. మందు ఉందని కూడా అందులో రాసి ఉంది. ఆ మర్నాడే ప్రెస్సుకు సెలవు పెట్టి, బావను ఒప్పించి, నంద్యాలకు వారానికొక రోజు వచ్చే డాక్టరు దగ్గరికి ఆమెను తీసుకుపోయాను. మాత్రలు రాసిచ్చాడు. నెల దాటాక ఒకరోజు బావ నా దగ్గరికి వచ్చి, అక్క చిన్నోడికి తానే నీళ్లు పోసిందని చెబుతూ కళ్లు తుడుచుకున్నాడు.

మా సంఘాలకు అప్పట్లో నాలుగు పేజీల నెలపత్రిక ఉండేది. అది మా ప్రెస్సులోనే అచ్చయ్యేది, చివరి పేజీ సాక్ష్యానికి. అక్క సాక్ష్యం రాసుకురమ్మని పాస్టరయ్య నాకే చెప్పాడు. వసారాలో కూర్చుని చేట నిండా వేరుసెనక్కాయలు ఒలుస్తూ ఆమె చెబుతుంటే నేను రాసుకున్నాను.

“బాగా రాసుకో రా లైబ్రరీ దొరా, నా మాట మార్చొద్దు. దేవుడు నా ఏడుపు ఇన్యాడు. ఇని, మా తమ్మునికి బుద్ధి పుట్టిచ్చినాడు, వాడు నన్ను డాక్టరు కాడికి పిల్చుకోని పోయినాడు. పొద్దున ఒగటి, మాపున ఒగటి, మాత్ర ఏసుకుంటాండా. ఏసుకునేటప్పుడల్లా స్తోత్రం చెప్పుకుంటాండా. అంతే, యింగేం లేదు.”

ఇంతేనా అన్నాను నేను. “ఇంతే నిజం. కావాలంటే నీ పుస్తకాల్లోది పైన రోంత చల్లుకో పో,” అని సెనక్కాయ గింజ ఒకటి నా మీదికి విసిరింది.

చల్లుకున్నాను. దుఃఖమనే చీకటి అనీ, తీరం కానరాని పడవ అనీ, చదివిన నవలల మెరుపులన్నీ కలిపి మొదట్లో అయిదారు వరుసలు రాశాను. ప్రెస్సులో పేజీ కట్టేటప్పుడు చూస్తే సరిగ్గా మూడు వరుసలు ఎక్కువయ్యాయి. సీసపు అక్షరాలతో బేరం కుదరదు. చట్రంలో పట్టనిదాన్ని తీసి పక్కన పెట్టాల్సిందే. నా చీకటినీ పడవనూ తీసేసి ఉండవచ్చు. తీయలేదు. డాక్టరు, మాత్రలు, మింగేటప్పుడు చెప్పుకునే స్తోత్రం, ఆ మూడు వరుసలు తీశాను. పిచ్చిమాత్రలని ఊళ్లో అనుకుంటారు, అక్క పరువు పోతుందని నాకు నేను చెప్పుకున్నాను. అది సగం నిజం. మాత్రలు లేకపోతే ఆ సాక్ష్యం ఇంకా గొప్పగా ఉందన్నది మిగతా సగం.

అది చాలా గొప్పగానే పనిచేసింది. అక్క ప్రార్థనతోనే బాగుపడిన మనిషన్న పేరు పల్లెపల్లెకూ పాకింది. ఉయ్యాలవాడ వైపు నుంచి, కొత్తపల్లె వైపు నుంచి, కూతుళ్లనూ కోడళ్లనూ వెంటబెట్టుకుని ఆడవాళ్లు అక్క ఇంటికి రావడం మొదలుపెట్టారు. నెత్తిన చెయ్యి పెట్టి ప్రార్థన చెయ్యమని బతిమాలేవారు. ఈ సంగతులు విని నేను ప్రెస్సులో కాలరెగరేసుకుని తిరిగాను.

మూడు నెలల తర్వాత ఒక మధ్యాహ్నం బావ ప్రెస్సు గుమ్మంలో నిలబడ్డాడు.

“ఏమప్పా, పని ఆపి బేగా వస్తావా? మీయక్క అన్నం ముట్టి మూడు దినాలాయ. నిన్న కాలువ గట్టు మీద ఒక్కతే కూచోనుంటే గడ్డి కోసే ఆడోళ్లు పిల్చకొచ్చినారు. ఇంటికాడ మనిషిని కాపలా పెట్టి వచ్చినా.”

నేను పోయేసరికి అక్క గింజల గదిలో గోడ వైపు తిరిగి కూర్చుని ఉంది. తల దువ్వుకుని ఎన్నాళ్లయిందో. మాత్రలు ఏవని అడిగాను. గోడ వైపు చూస్తూనే చెప్పింది.

“ఉయ్యాలవాడ నుంచి ఒగామె కోడల్ని పిల్చకొచ్చింది. గూట్లో డబ్బీ చూసి, ఎవురివమ్మా ఈ మాత్రలు అనింది. మీ బావ మోకాళ్ల నొప్పులకని చెప్పినా. దేవుని పని చేస్తా అబద్ధం చెప్పినా రా. ఆ కోడలు గూడా మాత్రలు ఏసుకుంటాండంట, ఇంటికి పోయి పారేస్తామనింది వాళ్లత్త. నేను వద్దనలేకపోయినా. నువ్వు అచ్చేసినాక నేనెట్ల మింగేది? మింగితే దేవున్ని అబద్ధికున్ని చేసినట్లే గదా.”

లేచి పాస్టరయ్య ఇంటికి పోయి, తీసేసిన మూడు వరుసల సంగతి చెప్పేశాను. ఆయన తలపట్టుకుని, “నీ కాగితం చదివి నేను మూడూర్లలో ప్రసంగం చేసినానప్పా,” అన్నాడు. అంతకుమించి ఒక్క మాట తిట్టలేదు. నాతోపాటు నడిచి వచ్చి, చెంబుతో నీళ్లు తెప్పించి, మాత్ర తన అరచేతిలో పెట్టుకుని అక్క ముందు కూర్చున్నాడు. ఎడారిలో చెట్టుకింద పడుకుని ఇంక నా ప్రాణం తీసుకో అని దేవుణ్ణి అడిగిన బైబిలు ప్రవక్తను దేవదూత తిట్టలేదని, రొట్టె, నీళ్లు ఇచ్చి, నిద్రపోనిచ్చాడని నెమ్మదిగా చెప్పాడు. “ఇది గూడా ఆయన చేతి నుంచి వచ్చిందే. మింగు తల్లీ.” ఆమె మింగేదాకా ఆయన చెయ్యి అలాగే చాచి ఉంచాడు.

ఆ ఆదివారం గుడిలో నిలబడి, నేను చేసింది నేనే చెప్పాను. తర్వాతి నెల పత్రికలో ఆ మూడు వరుసలూ సవరణగా వేశాను. చివరి పేజీ అడుగున చిన్న అక్షరాల్లో వేసే సవరణను ఎవరు చదువుతారో నాకు తెలియనిది కాదు. అక్క కాస్త తేరుకోగానే అడిగిన మొదటి మాట ఆ కోడలి గురించే. ఉయ్యాలవాడలో బస్సు దిగి రెండు రోజులు వాకబు చేశాను. పుట్టింటికి పంపేశారన్నారు, ఆ పుట్టిల్లు ఎక్కడో సరిగా చెప్పినవాళ్లు లేరు. ఆ అమ్మాయి ఏమైందో నాకు ఈనాటికీ తెలియదు. ఆరాధనలో కళ్లు మూసుకున్నప్పుడల్లా, నేను ఎన్నడూ చూడని ఆ ముఖం వస్తుంది.

అక్క మెల్లగా బాగుపడింది. పోయేవరకూ మాత్రలు వేసుకుంటూనే, పిల్లల్ని పెంచింది, పొలం చూసుకుంది, గుడిలో మళ్లీ పాట ఎత్తుకుంది. నేను పోతే సంగటి ముద్దలో గుంట చేసి నెయ్యి పోసి పెట్టేది. ఏ లోటూ చేయలేదు. లైబ్రరీ దొరా అని మాత్రం మళ్లీ ఒక్కసారి కూడా పిలవలేదు. అడుగుదామని ఎన్నోసార్లు అనుకుని, అడగలేకపోయాను. ఆమె పోయాక బావ ఈ బైబిలు నా చేతిలో పెట్టాడు. నేను అచ్చువేసిన ఆ పాత కాగితం అందులోనే ఉంది. దాని అంచున, ఆదివారపు బడిలో నేర్చుకున్న వంకర అక్షరాలతో, పెన్సిలుతో, ఆ మూడు వరుసలూ ఆమె తిరిగి రాసుకుంది. ఎన్నిసార్లు దిద్దుకుందో, కాగితం అక్కడ పలచబడి ఉంది.

కాలం మారిందని సంతోషించాలి. ఇప్పటి పిల్లలు దిగులు జబ్బు పేరు దాచుకోకుండా చెబుతున్నారు, డాక్టరమ్మను గుడికే పిలుస్తున్నారు. మా కాలంలో ఇది ఉండి ఉంటే అక్క కాలువ గట్టుదాకా పోయేది కాదు. అయినా ఒక మాట చెప్పక తప్పదు. ఆనాడు జబ్బు పేరు తెలియనివాళ్లు నెలన్నర పాటు ఆమె పక్కన చాప మీద కూర్చున్నారు. ఈనాడు పేరు అందరికీ తెలుసు, చాప పరిచేవాళ్లే కనబడరు. లేక, నా తలుపు తట్టడానికి నేనే ఎవరికీ కారణం చెప్పలేదేమో.

ఎందుకంటే, అక్క పోయిన కొన్నాళ్లకు నాకు నిద్ర దూరమైంది. ఆ తర్వాత ఆకలి, ఆ తర్వాత పుస్తకం మీద ధ్యాస. డాక్టరు దగ్గరికి నేనే పోయాను. ఏడాదిగా మందు వాడుతున్నాను. గుడికి పోయేటప్పుడు ఆ మాత్రల అట్టను కళ్లజోడు పెట్టెలో అద్దాల గుడ్డ కింద పెట్టుకుంటాను. ఇంత జరిగాక కూడా, ఆ మూడు వరుసలనే మళ్లీ తీసేస్తూ వచ్చాను.

శనివారం ఇంకా మూడు రోజులుంది. ప్రకటనలు చదివే అమ్మాయికి నా పేరు ఇవ్వాలి. ఇస్తాననే అనుకుంటున్నాను. ఈలోగా, ఈ కాగితం మీద కావలసినంత చోటుంది గనక, చట్రంలో పట్టలేదన్న సాకు నాకు లేదు గనక, మీకే ముందు చెబుతున్నాను. పొద్దున ఒకటి, మాపున ఒకటి. వేసుకునేటప్పుడల్లా స్తోత్రం చెప్పుకుంటున్నాను.