టిక్కు పెట్టిన ప్రార్థన

విసుగులేని ప్రార్థన గురించి ఎవరు ప్రసంగించినా నాకు బాన్సువాడలోని మా సంఘపెద్దే గుర్తొస్తాడు. ఆయనది ట్రాక్టర్ సామాన్ల దుకాణం. ఏ పని ముందో, ఏది వెనకో చెప్పే యాప్ ఒకటి ఫోన్లో పెట్టుకున్నాడు. పని కాగానే బొటనవేలితో టిక్కు కొట్టి "స్తోత్రం" అనేవాడు. సంఘంలో చెప్పుకున్న ప్రార్థన మనవులనూ అందులోనే ఎక్కించేవాడు.

ఒక ఆదివారం ఒక అవ్వ లేచి, తనకు బతుకుదెరువైన బర్రె మేత ముట్టడం లేదని, పడుకున్నది లేవడం లేదని ఏడ్చింది.

ఆయన ఫోన్ చూసి, "రాసుకున్ననవ్వా. పదకొండో నంబర్ల ఉంది" అన్నాడు.

"అందరి వంతు అయ్యేదాంక నా బర్రె ఆగుతదా బిడ్డా?"

సంఘమంతా నవ్వింది. ఆయన సిగ్గుపడి బర్రెను ఒకటో నంబరుకు జరిపాడు. మర్నాడు పొద్దున్నే నన్ను వెంటబెట్టుకుని అవ్వ కొట్టానికి వెళ్ళి, పేడలోనే మోకరించి గట్టిగా ప్రార్థించాడు. ఆమెన్ అనగానే బొటనవేలు ఫోన్ మీదికి పోయింది.

"అప్పుడే టిక్కు వెట్టినవా? బర్రె ఇంక లేవనే లేదు గద!" అంది అవ్వ.

ఆయన బర్రె వైపు చూసి, టిక్కు తీసేశాడు. పశువుల డాక్టరును పిలిపించి అక్కడే కూర్చున్నాడు. దుకాణం నుంచి ఫోన్లు వస్తూనే ఉన్నాయి, ఆయన కదల్లేదు.

సాయంత్రానికి బర్రె లేచి గడ్డి అందుకుంది. అవ్వ కళ్ళు తుడుచుకుని, "ఇగ కొట్టు బిడ్డా, నీ టిక్కు" అంది.