నీడతోపాటు జరిగిన మనిషి

పది సెకన్లకొకసారి టిక్కుమంటూ కెమెరా దానంతటదే ఫొటో తీసుకుంటోంది. మదనపల్లెలో ఒక మేడ మీద గొడుగేసుకుని కూర్చున్నాను. కింద టమోటా మార్కెట్టు. చితికిన కాయల పుల్లటి వాసన పైదాకా కొడుతోంది. ఈ టిక్కు వింటే నాకు ఈ పని నేర్పిన రెడ్డెమ్మక్క గుర్తొస్తుంది, ఆ వెంటనే గుండె ఝల్లుమంటుంది. ఇన్నేళ్ళయినా అంతే.

కుప్పంలో ఆమెకు ఫొటో స్టూడియో ఉండేది. ఇప్పుడది మూసేసి పుంగనూరులో ఆవుల్ని చూసుకుంటోంది. లెన్సు మీద నా వేలిముద్ర పడితే వీధంతా వినిపించేలా తిట్టేది. మధ్యాహ్నం తన సంగటిముద్దలో సగం నాకు పెట్టేది. రోజంతా తీసిన వేల ఫొటోల్ని కలిపి, ఆ రోజును ఒక్క నిమిషంలో పరిగెత్తించే సినిమాలంటే ఆమెకు పిచ్చి. కుప్పం మీద అలాంటిదొకటి తీసి ఊరందరికీ చూపించమని ఒక కల్యాణమండపం వాళ్ళు అడిగారు. రైల్వే స్టేషను ఎదుట లాడ్జి మేడ మీద కెమెరా పెట్టాం. ఎక్కడ తీస్తామో ఇంట్లో కూడా చెప్పనిచ్చేది కాదు, చెబితే జనం తల దువ్వుకుని వస్తారని.

మర్నాడు స్టూడియోలో వేసి చూశాం. జనం బిలబిలమంటూ రైళ్ళు ఎక్కుతున్నారు, దిగుతున్నారు. ఒక్క మనిషి మాత్రం ఏ బండీ ఎక్కలేదు. ప్లాట్‌ఫారం మీద నీడ ఎటు జరిగితే అటే బెత్తెడు బెత్తెడు జరుగుతున్నాడు. నాకు నవ్వాగలేదు.

"ఎవురక్కా వీడు? పనీపాటా లేనట్టుండాదే! పెద్దది చెయ్, మొగం సూద్దాం."

అక్క కూడా నవ్వుతూనే పెద్దది చేసింది. ముందు పసుప్పచ్చ క్యారియర్ సంచి కనిపించింది. దాని పిడి తెగితే ఎర్రదారంతో కుట్టింది నేనే.

మా ఆయన! రోజూ పొద్దున్నే బెంగుళూరు బండెక్కి బట్టల ఫ్యాక్టరీకి పోతున్నానని చెప్పే మా ఆయన! మిగతా ఫొటోలన్నీ చివరిదాకా చూశాను. మధ్యాహ్నం సంచి విప్పి తిన్నాడు. సాయంత్రం రైలు దిగిన జనంలో కలిసి ఇంటికి బయలుదేరాడు. ముందురోజు ఇంటికొచ్చి "బండిలో నిలబడే వస్తిని, కాళ్ళు లాగతాండాయి" అంటే వేణ్ణీళ్ళు కాచి ఇచ్చాను కూడా.

"ఊరంతా చూస్తారక్కా" అన్నాను, ఏడుపు ఆపుకోలేక.

"యాడ సూసేది?" అంటూ రోజంతా తీసినదాన్ని మొత్తం చెరిపేసింది.

"మండపమోళ్ళకు ఏం చెప్తావు?"

"కెమెరా సెడిపాయ అంటా."

తన కెమెరా చెడిపోయిందని చచ్చినా ఒప్పుకోని మనిషి! ఆ పని చేయిజారిపోయింది. దాని గురించి మళ్ళీ ఒక్క మాటా అనలేదు.

"ఇంటికి పోయి యాల ఇట్ల జేస్తివి అని అడగొద్దమ్మా. అన్నం సరిపోయిందా అని అడుగు, సాలు."

అదే అడిగాను. ఆయన నా మొహం చూసి, సంచి కింద పెట్టి, గోడకానుకుని కూలబడిపోయాడు. ఫ్యాక్టరీ మూసి రెండు నెలలైందట. రెండు నెలలు! పక్కనే ఉండి నేను చూడలేదు. చూసిన రోజున నవ్వాను.

ఇప్పుడు మార్కెట్టు షెడ్డు మూలన ఒకాయన ఖాళీ క్రేటు మీద కూర్చున్నాడు. పొద్దుట్నుంచి నీడతోపాటు మూడుసార్లు జరిగాడు. కెమెరా ఆపేసి మెట్లు దిగాను.

"అన్నం తింటివా అన్నా?"