ఫెయిలైన వాళ్ల కార్డులతో కేసు గెలిచిన ఎస్తేర్ మిస్

ఎస్తేర్ మిస్ ఇక లేరట.

నిన్న పొద్దున బెంగళూరు దారిలో ఉన్న నరసాపురం వెళ్లే కంపెనీ బస్సులో ఉన్నాను. మా ఓల్డ్ స్టూడెంట్స్ గ్రూపులో సెల్వం మెసేజ్ పెట్టాడు. ఎవరో వేరే మిస్ అయ్యుంటారని రెండుసార్లు చదివాను.

పోయిన ఆదివారమే ఫోన్ చేసి, "రేయ్ నాగరాజు, నీ కూతురికి లెక్కలు నువ్వు మాత్రం చెప్పొద్దురా" అన్న మనిషి. ఆవిడ పోవడమేంటి?

షిఫ్టంతా ఎలా గడిచిందో తెలియదు.

ఏడవకుండా రాయాలని కూర్చున్నాను. ఏడుపు మొహాలంటే మిస్‌కి అస్సలు పడదు.

తెలియని వాళ్ల కోసం చెప్తున్నా. మిస్ ఊరిగాంలో మా స్కూల్ లెక్కల టీచర్. మా ఊరి బంగారు గనులు మూసేయడానికి ఒక ఏడాది ముందు టెంపరరీగా చేరారు. పర్మనెంట్ ఆర్డర్ రావడానికి పదకొండేళ్లు పట్టింది.

వచ్చిన ఆర్డర్‌లో సర్వీసు ఆ రోజు నుంచే లెక్క. అంతకుముందు పదకొండేళ్లు ఆవిడ స్కూల్లో లేనట్టే!

పాత జీతం కోసం మిస్ కోర్టుకెళ్లారు.

"దుడ్డు ఇస్తే తీసుకుంటా, వద్దనను. నేను క్లాసులో నిలబడి పాఠం చెప్పనే లేదంటే మాత్రం ఊరుకోనప్పా" అనేవారు.

ఆఫీసు వాళ్లు ప్రూఫ్ అడిగారు. స్కూల్ బీరువా తెరిచి చూస్తే అటెండెన్స్ రిజిస్టర్లు, పాత ప్రోగ్రెస్ కార్డులు అన్నీ చెదలు తినేశాయి.

అప్పుడు గ్రూపులో మిస్ వాయిస్ మెసేజ్.

"నాయనకు చూపియ్యకుండా ప్రోగ్రెస్ కార్డు దాచిపెట్టుకున్న దొంగలంతా బయటికి రండి. కొట్టను. దాని మింద క్లాస్ టీచర్ అని నా సంతకం ఉండాది. అది నాకు కావల్ల."

మా స్కూల్ రూల్ ఏంటంటే, ఇంట్లో సంతకం పెట్టించుకుని వారంలో కార్డు తిరిగి ఇచ్చేయాలి. బాగా చదివేవాళ్లు బుద్ధిగా ఇచ్చేశారు. మాలాంటి వాళ్లం "పోయింది మిస్" అన్నాం.

ముగ్గురో నలుగురో తేలతారనుకున్నాం. ఇరవై ముగ్గురం తేలాం! ఏ బ్యాచ్ చూసినా ఇద్దరు ముగ్గురు. పెళ్లయి లక్కూరు వెళ్లిన జయ అయితే మొగుడికి తెలియకుండా తెచ్చిచ్చింది.

నాది పాత అట్లాస్‌కి వేసిన బ్రౌన్ పేపర్ అట్టలో ఉంది. తీసుకెళ్లడానికి మిస్సే మా ఇంటికొచ్చారు. గనిలో పనిచేసిన మా నాన్న హాల్లోనే ఉన్నారు. కార్డు అందుకుని, కళ్లద్దాలు పెట్టుకుని, లెక్కల్లో పన్నెండు అని పైకే చదివారు.

"ఏమప్పా, ఇన్నేండ్లు యాడ పెట్టినావు దీన్ని?"

నాకు ఇద్దరు పిల్లలు. అయినా వెళ్లి మిస్ వెనక నిలబడ్డాను.

నాన్న సంతకం పెడదామని పెన్ను వెతుకుతుంటే మిస్ గబుక్కున కార్డు లాక్కున్నారు. "అయ్యో, వద్దన్నా! ఇప్పుడు పెడితే నా కేసు పోతాది!"

నాన్న అంతలా నవ్వడం చాలా ఏళ్ల తర్వాత చూశాను.

బెంగళూరులో లాయర్ కార్డులన్నీ తిరగేసి, ఒక్క పాసైన పిల్లవాడు కూడా లేడా మేడమ్ అని అడిగారట. "పాసైనోళ్లు ఇచ్చేసినారు సార్. ఇంగ ఈ దొంగలే నాకు దిక్కు" అన్నారట మిస్.

గెలిచారు. చేరిన రోజు నుంచే టీచర్ అని కోర్టు రాసింది. డబ్బు ఆలస్యంగానే అయినా వచ్చింది.

ఇరవై ముగ్గురినీ ఇంటికి పిలిచి మటన్ బిర్యానీ పెట్టారు. ఆ రోజు అడిగాను. "మిస్, మేం అబద్ధం చెప్తున్నామని తెలిసి కూడా అప్పట్లో ఎందుకు ఊరుకున్నారు?"

నా ప్లేట్లో ఇంకో ముక్క వేస్తూ అన్నారు.

"గనులు మూసేసి మీ నాయనలంతా పనుల్లేక ఇండ్లలో కూర్చోనుండిరి. ఆ కార్డు చూపిచ్చి వాళ్లను ఇంగా బాధపెట్టేదెందుకప్పా? అందుకే అడగలేదు."

ఆ రోజుల్లో ఆవిడకే జీతం సరిగ్గా వచ్చేది కాదు. అలాంటి మనిషి మా నాన్నల గురించి ఆలోచించారు.

ఈరోజు సాయంత్రం నాలుగింటికి ఊరిగాం చర్చిలో ప్రార్థన. ఇరవై ముగ్గురం వస్తున్నాం.

వెళ్లి రండి మిస్. మీ ప్రభువు దగ్గర మీకు హాయిగా ఉండాలి.