రాజు రాసిన బండ

ఇంతవరకు ఎవరికీ చెప్పలేదు. మా చేని పక్క బండ మీది అక్షరాలు ఊడిపోవాలని చిన్నప్పుడు దేవుడికి మొక్కుకున్నాను. ఈ ఉదయం డైరీ మీద సిరా ఒలికితే, ఆ తడి వాసనకు అదంతా గుర్తొచ్చింది.

ఆ బండ మీద మా అవ్వ ఏటా మిరపకాయలు ఆరబోసేది. మాది గడ్డి కప్పు ఇల్లు, కళ్లం కూడా లేదు. ఒకరోజు కర్నూలు నుంచి ఒక ఆఫీసరు వచ్చి, కాయలు పక్కకు తీయించి, అక్షరాల అచ్చు తీసుకోవడానికి బండకు తడి కాగితం అతికించి, పైన నల్ల సిరా అద్దించాడు. రాజు రాత ఉంటే బండ సర్కారుదవుతుందని ఊళ్లో అనుకున్నారు. కాగితంతోపాటే అక్షరాలూ లేచివస్తాయని, బండ మాకే మిగులుతుందని నేననుకున్నాను.

కాగితం లేచింది. అక్షరాలు అక్కడే ఉన్నాయి. నాకు ఏడుపొచ్చింది.

"ఏం రాసిండాడప్పా రాజు? శిస్తు కట్టమన్నాడా?" అని అవ్వ ఆఫీసరును అడిగింది.

"లేదవ్వా. అమ్మానాయనల మాట వినండి, జీవాల మీద దయ చూపండి అన్నాడు. యుద్ధంలో శానామందిని చంపి, ఆనక బాధపడి, బుద్ధుడి దారి పట్టినాడు."

"మరి గెల్చిన రాజ్యం తిరిగిచ్చినాడా?"

ఆఫీసరు నవ్వాడు. "అదొక్కటీ ఇయ్యలేదు. ఇంగ ఈ బండ మీద ఏమీ ఆరబోయొద్దవ్వా, సర్కారు కాపాడతాది."

తర్వాత ఆ రాజు గురించి పుస్తకాల్లో చదివాను. ఆయన బాధ నిజమనే నమ్ముతాను. అయినా చదివినప్పుడల్లా అవ్వ ప్రశ్నే ముందు గుర్తొస్తుంది.

ఆ సాయంత్రం కాయలు గంపకెత్తుతూ అవ్వ నాతో అంది:

"రాజు మంచోడేలే పాపా. కాయలు యాడ ఆరబోసుకోవాల్నో మాత్రం ఆయప్ప రాయలేదు."