పుల్లంగి కొండ మీద ఉత్తర ధ్రువం

మా నాన్న పెద్దాపురంలో మిషన్ బడి మాస్టారు. ఆదివారం చర్చి నుంచి వచ్చి భోజనాలయ్యాక మాకు మంచులో చిక్కుకున్న ఓడల కథలు చెప్పేవారు. ఉత్తరాన సముద్రం గడ్డకట్టి ఓడ కదలక, నావికులు బూట్ల తోలు ఉడకబెట్టుకుని తిన్న కథ వింటుంటే మండువేసవిలో కూడా నాకు చలేసేది. అందుకే, ‘తొలి ధ్రువయాత్రికుల్లా రెండు రోజులు బతికి చూడండి’ అన్న ప్రకటన ఫోన్లో కనిపించగానే మా వదిన రత్నకుమారిని కూడా ఒప్పించి పేర్లు ఇచ్చేశాను. వదిన రాజమండ్రిలో ఒక ఆసుపత్రిలో నర్సు. “చలి కోసం డబ్బిచ్చి మరీ వెళ్లడమేంటి?” అంటూనే సంచీ సర్దింది. మీలో కొందరికి ఆ ప్రకటన ఇప్పటికే వచ్చి ఉంటుంది. కాబట్టి కోపం చల్లారకముందే రాస్తున్నాను.

డిసెంబరులో ఒక శనివారం తెల్లవారుతూనే రాజమండ్రి కాంప్లెక్సులో బస్సెక్కాం. గోకవరం దాకా పొలాలు, తర్వాత జీడిమామిడి తోటలు, రంపచోడవరం దాటితే అడవి. మారేడుమిల్లికి దాదాపు మూడు గంటల ప్రయాణం. గోకవరంలో బస్సు ఆగినప్పుడు టిఫిన్ చేసెయ్యడం మంచిది, పైన దొరుకుతుందన్న నమ్మకం లేదు. మారేడుమిల్లి నుంచి పుల్లంగి వైపు జీపులే గతి. మా డ్రైవరు ఆకాశం వంక చూసి, “అల్పపీడనం అంటున్నారండి. ఇవాళ కొండెక్కుతారా?” అని అడిగాడు. ముందు సీట్లో ఉన్న మా లీడరు వంశీ నవ్వి, “అదే కదా థ్రిల్లు!” అన్నాడు.

మేం పదిమందిమి. వయసులో అందరికంటే పెద్ద సత్తిబాబు గారు. మండపేట దగ్గర రైతు, అరవై దాటాయి. పుట్టినరోజు కానుకగా వాళ్లమ్మాయి ఈ యాత్రకి డబ్బు కట్టిందట. “మా ఆవిడ చన్నీళ్లు పోసుకోమంటే పోట్లాడతానండి. ఇక్కడికొచ్చి కోరి వణకమంటున్నారు,” అని దారంతా నవ్వించారు.

జీపు దిగాక వంశీ అందరి ఫోన్లూ తీసుకున్నాడు. అంతవరకూ బాగానే ఉంది. తర్వాత గొడుగులు, రెయిన్‌కోట్లు, స్వెట్టర్లు కూడా జీపులో పెట్టేయమన్నాడు. “పాతకాలం యాత్రికులకి ఇవేవీ లేవు కదండీ!” అన్నాడు. తను మాత్రం నీళ్లు చొరని ఖరీదైన జాకెట్ వేసుకుని ఉన్నాడు. మరి మీకెందుకండీ అని అడిగితే, “నేను లీడర్ని కదండీ, సేఫ్టీ” అన్నాడు. ఒళ్లు మండింది. ఆ పాతకాలం వాళ్లు దొరికిన ప్రతి తోలూ, ప్రతి ఉన్నిగుడ్డా ఒంటి మీద వేసుకుని బయల్దేరినవాళ్లు. వాళ్లకి ఒక్క రెయిన్‌కోటు చూపిస్తే ప్రాణం పెట్టి కొనుక్కునేవారు. వాళ్ల కష్టాన్ని వేషం చేసి మాకు అమ్ముతున్నారు.

మధ్యాహ్నం కొండ మీద గడ్డిమైదానం చేరేసరికి వాన మొదలైంది. గాలి ఈడ్చి కొడుతోంది. టార్పాలిన్ కట్టడం, చెకుముకి రాయితో నిప్పు చేయడం మా ‘పరీక్ష’. తడిసిన పుల్లలు అంటుకోలేదు. సత్తిబాబు గారు గజగజ వణుకుతూ ఒక రాయి మీద కూర్చున్నారు. కాసేపటికి వణుకు ఆగిపోయింది. “చూశారా, ఒళ్లు అలవాటు పడింది!” అన్నాడు వంశీ.

వదిన ఆయన చెయ్యి పట్టుకుని, “బాబాయ్ గారూ, మనం ఎక్కడున్నామండీ?” అని అడిగింది.

“తోటకి నీళ్లు కట్టాలమ్మా,” అన్నారాయన. మాట ముద్దముద్దగా వచ్చింది. చొక్కా గుండీ తీసుకోబోతే వేళ్లు తిరగలేదు.

వదిన లేచి నిలబడింది. “వణుకు ఆగింది అలవాటు పడి కాదు. ఒంట్లో వేడి అయిపోయి. ఇప్పుడే కిందికి దించాలి. ముందు మీ జాకెట్ ఇవ్వండి.”

“మేడం, మధ్యలో ఊళ్లోకి వెళ్తే రూల్ బ్రేక్ అవుతుంది. ఎవరికీ సర్టిఫికెట్ రాదు.”

“మనిషి పోతే డెత్ సర్టిఫికెట్ వస్తుంది. అది తీసుకుంటారా?”

జాకెట్ ఇచ్చాడు. నలుగురం సత్తిబాబు గారిని భుజాల మీద ఆన్చుకుని, పొగ కనిపించిన వైపు జారుతూ దిగాం. మొదటి ఇల్లు లచ్చమ్మ గారిది, కొండరెడ్లనే గిరిజనుల ఇల్లు. ఎవరు, ఎక్కడివారు అని ఆమె అడగలేదు. “లోపలికి తీసుకురండి, తడిబట్టలు తీసేయండి ముందు,” అని ఇంట్లో ఉన్న దుప్పట్లన్నీ తెచ్చింది. ఆయన్ని పొయ్యికి కాస్త ఎడంగా పడుకోబెట్టి, వదిన పక్కనే కూర్చుని ఒంటికి ఒళ్లు ఆన్చుకుంది. మళ్లీ వణుకు మొదలయ్యేసరికి, ఒంట్లో వేడి తిరిగొస్తోందని వదిన కళ్లనీళ్లు పెట్టుకుంది. ఆయన మింగగలిగాక వేడి చోడి అంబలి, అదే రాగిజావ, కొద్దికొద్దిగా పట్టాం.

లచ్చమ్మ గారు నన్ను అడిగింది, “కింద ఇన్ని ఇళ్లుండగా ఆ కొండ మీద ఎందుకు పడుకుంటారమ్మా?”

ఆమె భర్త బండి మీద వెళ్లి జీపు తీసుకొచ్చేలోపు వంశీ మిగతావాళ్లతో దిగొచ్చాడు. గుమ్మంలోనే ఫోన్ తీసి లచ్చమ్మ గారితో, “ఆంటీ, ఇటు చూడండి, ఒక్క ఫొటో!” అన్నాడు. వదిన అతని ఫోన్ కిందికి తోసేలోపే ఫొటో తీసేశాడు.

రంపచోడవరం ఆసుపత్రిలో సత్తిబాబు గారిని ఆ రాత్రి ఉంచుకుని పొద్దున పంపించారు. ఈ యాత్ర నడిపే సంస్థకి ఫిర్యాదు చేస్తే, సాహసమన్నాక రిస్కు ఉంటుందనీ, మేం సంతకాలు పెట్టామనీ జవాబిచ్చారు. ఆపైన వాళ్ల పేజీలో దుప్పట్లు కప్పుకున్న సత్తిబాబు గారి ఫొటో పెట్టి, ‘ధ్రువయాత్ర విజయవంతం’ అని రాశారు. అదే రోజు ఆయన ఫోన్ చేశారు. “నేను గెలిచేశానంటండి, చూశారా?” అని నవ్వారు. తర్వాత గొంతు తగ్గించి, “ఆవేళ పొయ్యి పక్కన నా మనవరాలి పేరు ఎంతసేపటికీ గుర్తు రాలేదండి. ఇంట్లో మాత్రం చెప్పలేదు,” అన్నారు.

ఉత్తర ధ్రువం మంచులో పోయినవాళ్లు ఎందరో. అక్కడే తరతరాలుగా కాపురాలు చేస్తున్న మనుషుల గుమ్మం తొక్కినవాళ్లు చాలామంది బతికారు. వాళ్లిచ్చిన తోలు కప్పుకుని, వాళ్లు పెట్టింది తిని ఇళ్లకి చేరారు. కథల్లో మాత్రం కెప్టెన్ల పేర్లే మిగిలాయి. ఆ ఫొటోలో కూడా అంతే. లచ్చమ్మ గారి మొహం సగానికి కత్తిరించేసి ఉంది. ఆమె పేరు అందులో ఎక్కడా లేదు కనుక నేను ఇక్కడ రాస్తున్నాను.

వెళ్లేవాళ్లకి ఒక్క సలహా. ఇలాంటి యాత్రకి డబ్బు కట్టేముందు, ఎవరికైనా ఒంట్లో బాగోకపోతే ఏ బండిలో, ఏ ఆసుపత్రికి తీసుకెళ్తారని అడగండి. జవాబు చెప్పకుండా నవ్వితే అక్కణ్నుంచే ఇంటికి వచ్చేయండి.